పేరు పెట్టినావిడ

"నాకు తెలుసు" అని అనేశాక గానీ టైలరమ్మకి అర్థం కాలేదు, తను ఎంత మాట అనేసిందో.

"నిజంగానా పిన్నీ?" టైలరమ్మ పిచ్చుక అని పిలుచుకునే సవతి కూతురి కళ్ళు ఇంతింతలయ్యాయి. పిల్ల ఒక చేతిలో బడివాళ్ళిచ్చిన కాగితం ఉంది. ఇంకో చేతిలో ఫోనుంది. వాళ్ళమ్మ నంబరు అప్పటికే తెర మీదికొచ్చేసింది. వేలు ఆనించడమే తరువాయి.

"తెలియకపోవడమేంటి? నీ పేరు సంగతి నాకు కాక ఇంకెవరికి తెలుస్తుంది? ముందు ఆ ఫోనిలా ఇవ్వు."

"మరి చెప్పు."

"చెబుతాలే. ఈ కాలరు పని అవ్వనీ."

టైలరమ్మ మిషను తొక్కడం మొదలుపెట్టింది. సూది కింద కాలరు వంకరపోయింది. విప్పి మళ్ళీ వేసింది. మళ్ళీ వంకరే.

కాగితంలో ఉన్నవి మూడే ప్రశ్నలు. నీ పేరు ఎవరు పెట్టారు? ఎందుకు పెట్టారు? దాని అర్థం ఏమిటి? మూడో తరగతి పిల్లలంతా శుక్రవారం పొద్దున బళ్ళో హాల్లో నిలబడి చదవాలి. ఇంట్లో పెద్దవాళ్ళు వచ్చి వినాలి.

ఇంట్లో ఎవరూ వాడకపోయినా పిల్ల అసలు పేరు ఉమ. హాజరు పట్టీలో, పుస్తకాల అట్టల మీద, టీకాల కార్డులో ఉన్నది అదే. టైలరమ్మ ఈ ఇంటికొచ్చిన మూడేళ్ళలో ఒక్కసారి కూడా ఆ పేరు నోటితో పలకలేదు. పిచ్చుక అనే పిలిచింది. ఆ ముద్దుపేరు తను పెట్టిందే. నాలుగేళ్ళ వయసులో, బొత్తాలూడిన గౌను వేసుకుని, తండ్రి చెయ్యి పట్టుకుని మొదటిసారి షాపులోకొచ్చిన ఆ పిల్ల, కొలతలు తీస్తున్నంతసేపూ కిచకిచమంటూనే ఉంది మరి. పిచ్చుక అన్న పిలుపు ఇల్లంతా పాకింది, వీధంతా పాకింది. బడి గేటు మాత్రం దాటలేకపోయింది.

బళ్ళో పిలిచే ఆ పేరు పెట్టినావిడ, పిల్లని కన్నతల్లి, వేరే ఉంది. ఆవిడే ఇప్పుడు ఊళ్ళోకి దిగింది.

రెండు వారాల కిందటి దాకా ఆవిడ ఎక్కడో దూరపు ఊళ్ళో, రక్తపరీక్షలు చేసే ల్యాబులో పని చేసుకుంటూ, నెలకో ఆదివారం వచ్చి పిల్లని చూసుకుని పోయేది. నెలకొక్క రోజంటే పళ్ళ బిగువున ఓర్చుకోవచ్చు. ఇప్పుడేమో ఉద్యోగం ఈ ఊరికే మార్పించుకుని, బడి వెనక వీధిలో గది తీసుకుంది. రోజూ బడి వదిలే వేళకి గేటు దగ్గరుంటోంది. టైలరమ్మ పొద్దున రెండు జడలు వేసి పంపితే, పిల్ల సాయంత్రం ఒక్క జడతో ఇంటికొస్తోంది.

ఆ ఒక్క జడ కనబడితే చాలు, టైలరమ్మకి కడుపులో భగ్గుమనేది. "ఇదేం జడ, తల నొప్పెట్టదూ" అంటూ వచ్చీ రాగానే విప్పేసేది.

"నొప్పేం లేదు పిన్నీ. అమ్మ వదులుగానే వేసింది" అనేది పిచ్చుక.

సాయంత్రం ఇంటాయన పని నుంచి వచ్చాడు. లిఫ్టు మెకానిక్ ఆయన. పెరట్లో గ్రీజు చేతులు కడుక్కుంటుంటే, ఆమె తువ్వాలు పట్టుకుని పక్కన నిలబడింది.

"ఏవండీ, పిల్లకి ఆ పేరు ఎందుకు పెట్టారు?"

"ఏ పేరు?"

"పిల్లకెన్ని పేర్లున్నాయి? స్కూలు పేరు."

ఆయన సబ్బు రుద్దుకోవడం ఆపాడు. "నేను పెట్టలేదు. వాళ్ళమ్మ పెట్టింది."

"ఆవిడ పెట్టిందని నాకూ తెలుసు. ఎందుకు పెట్టిందని అడుగుతున్నా."

"అదేదో ఆవిణ్ణే అడిగితే పోలా? ఇక్కడే, స్కూలు వెనకాలేగా ఉంటోంది."

ఆయన మామూలుగానే అన్నాడు. ఆమెకి మాత్రం ఆ 'ఇక్కడే' అన్న మాట చెవిలో సూదిలా దిగింది.

"ఎక్కడుంటోందో మీకు బాగానే గుర్తుందే."

"ఇదిగో, మళ్ళీ మొదలెట్టావా?"

"నేనేం మొదలెట్టలేదు. ఆవిడ గదిలో కుళాయి కారుతోందని మొన్న వెళ్ళి బాగుచేసొచ్చారట. పిచ్చుక చెప్పింది. మన వంటింటి కుళాయి మూణ్ణెల్లుగా కారుతోంది."

ఆయన తువ్వాలు అందుకోలేదు. తడి చేతులు చొక్కాకే తుడుచుకుని లోపలికెళ్ళిపోయాడు.

అన్నాల దగ్గర ఇద్దరూ పిల్లతోనే మాట్లాడారు. "మీ నాన్నకి ఇంకాస్త కావాలేమో అడుగు." "అక్కర్లేదని చెప్పు." "నచ్చలేదేమో కనుక్కో." "బాగానే ఉందని చెప్పు." పిచ్చుక ఇటు మాట అటూ అటు మాట ఇటూ మోసి మోసి, "నేను తినొద్దా మరి?" అంది.

తెల్లారగానే ఆయన పొరుగూళ్ళో కొత్త లిఫ్టు బిగించే పని మీద వెళ్ళిపోయాడు. శుక్రవారం అటు నుంచి అటే స్కూలుకి వచ్చేస్తానని పిల్లకి చెప్పాడు. పక్కనే నిలబడ్డ భార్యకి చెప్పలేదు.

అత్తగారికి తెలిసి ఉంటుందని ఆమెకి అప్పుడు తట్టింది. అత్తగారు షాపులో ఓ మూల కూర్చుని చొక్కాలకి బొత్తాలు కుట్టిపెడుతుంటుంది. చూపు తగ్గినా చెయ్యి తగ్గలేదు.

"ఎందుకమ్మాయ్ ఆ పాత సంగతులన్నీ?" అంది అత్తగారు.

"పిల్లకి రాసివ్వాలి అత్తయ్యా. చెప్పండి."

అత్తగారు సూది గుడ్డలో గుచ్చి ఒళ్ళో పెట్టుకుంది.

"ఆరో నెల నిండీ నిండకుండానే దానికి నొప్పులొచ్చాయి. డాక్టరమ్మ ఆశ పెట్టుకోవద్దంది. మంచం దిగితే మాత్రం తన పూచీ లేదంది. నలభై రోజులు, అమ్మాయ్. నలభై రోజులు వెల్లకిలా పడుకునే ఉంది. పొట్ట మీద చెయ్యేసుకుని ఒకటే మాట. 'వద్దమ్మా, ఇప్పుడే వద్దు, ఇంకొన్నాళ్ళుండు తల్లీ' అని. నేను అన్నం పట్టుకెళ్ళినా నాతో కాదు, పొట్టతోనే మాట్లాడేది. ఎక్కడ చదివిందో ఏమో, ఉమ అంటే తల్లి 'వద్దు' అన్న మాటేనట. పిల్ల బతికి బయటపడ్డాక ఇంకో పేరు చెవిన వేసుకోలేదు. మేం పేర్లు రాసుకెళ్ళిన చీటీ విప్పనైనా లేదు."

టైలరమ్మ కత్తిరించిన ముక్కల్ని ఒకదాని మీద ఒకటి పేర్చింది. పేర్చినవే మళ్ళీ సర్దింది.

"నా కొడుక్కీ దానికీ పడలేదు. అది వేరు సంగతి. ఆ నలభై రోజులూ మాత్రం నేను మర్చిపోలేను" అంది అత్తగారు.

పాత కోడల్ని 'అది' అంటోంది. ఆ మాటలో కోపం లేదు, చనువుంది. తనని మాత్రం ఈ మూడేళ్ళుగా మర్యాదగా 'అమ్మాయ్' అంటోంది. ఒక్కసారైనా 'ఒసే' అని కసురుకున్న పాపాన పోలేదు. కసురుకోలేదని కూడా కుళ్ళుకుంటారా ఎవరైనా? టైలరమ్మ కుళ్ళుకుంది.

"ఈ సంగతి పిల్లకి చెప్పకండి అత్తయ్యా."

"ఎందుకని?"

"పసిదానికి ఆ చావు బతుకుల కబుర్లెందుకు? భయపడుతుంది."

అత్తగారు దారం పళ్ళతో కొరికింది. "పిల్ల భయపడుతుందనేనా?"

టైలరమ్మ సర్దిన ముక్కలు తీసుకుని మిషను ముందుకెళ్ళి కూర్చుంది. అత్తగారు రెండోసారి అడగలేదు.

మధ్యాహ్నం పంతులమ్మ కర్టెన్ల కోసం వచ్చింది. ఉద్యోగం మానేసి ఆరేళ్ళయినా ఆవిడకి ఎదుటివాళ్ళని కూర్చోబెట్టి పాఠం చెప్పే అలవాటు పోలేదు. ఉమ అన్న పేరుకి అర్థమేంటని అడగడమే ఆలస్యం, కర్టెన్లు పక్కన పడేసి కూర్చుంది.

"నా ముప్పై ఏళ్ళ సర్వీసులో ఉమ లేని తరగతి చూళ్ళేదమ్మా. ఒక ఏడాదైతే ముగ్గురు. పొట్టి ఉమ, పొడుగు ఉమ, వెనక బెంచీ ఉమ. హాజరు పిలిస్తే ముగ్గురూ ఒకేసారి లేచి నిలబడేవాళ్ళు. జనానికెందుకంత ఇష్టమంటావ్? రెండే అక్షరాలు. నోరు తిరగనివాడంటూ ఉండడు. ముసలావిడకుంటే పాతగా అనిపించదు, పసిపిల్లకుంటే బరువుగా అనిపించదు."

"అది సరేనండీ, అర్థం?"

"పురాణంలో కథొకటుంది. కొండరాజు కూతురు తపస్సు చేస్తానని అడవికి బయల్దేరింది. తల్లి అడ్డం నిలబడి 'ఉ! మా!' అంది. ఓసి పిల్లా, వద్దే అని. పిల్ల ఆగిందా? లేదు. వెళ్ళింది, అనుకున్నది సాధించింది. తల్లి వద్దన్న మాటే ఆ పిల్లకి పేరైపోయింది. నాకైతే ఆ పేరు వింటే ఇద్దరూ కనిపిస్తారమ్మా. ఆపబోయిన తల్లీ, ఆగని కూతురూ."

మళ్ళీ ఆ తల్లే. ఏ వైపు నుంచి వెళ్ళినా ఆ పేరు గుమ్మంలో ఆవిడే నిలబడి ఉంది.

"ఇంకో అర్థం లేదాండీ?"

"ఇదేం బేరమే తల్లీ!" పంతులమ్మ గలగలా నవ్వింది. "ఉంది. కాంతి అంటారు, కీర్తి అంటారు. అన్నట్టు, నీకు పనికొచ్చేది ఇంకోటుంది చూడు. నిఘంటువు తీస్తే, ఉమ అంటే అవిసె మొక్క అని కూడా ఉంటుంది. ఆ బీరువాలో లినెన్ తాను పెట్టావే, దానికి నార తీసేది ఆ మొక్క కాడలోంచే."

టైలరమ్మ బీరువా వైపు చూసింది. పంతులమ్మ ఇంకా ఏదో చెబుతూనే ఉంది గానీ, ఆ తర్వాతిదేదీ ఆమె తలకెక్కలేదు.

సాయంత్రం పిచ్చుక ఒక్క జడతోనే వచ్చింది. టైలరమ్మ జడ జోలికి పోలేదు. బీరువాలోంచి తెల్ల లినెన్ తాను తీసి బల్ల మీద పరిచింది.

"పట్టుకుని చూడు. ఎలా ఉంది?"

"చల్లగా ఉంది."

"ఇది అవిసె నార. దీని పేరే నీ పేరు."

అంతవరకే చెప్పాలనుకుంది. అందులో అబద్ధం లేదు. పిచ్చుక పెన్సిలు నాలుకతో తడిపి రాసుకుంది.

"మరి ఎవరు పెట్టారు? ఎందుకు పెట్టారు? అవి కూడా రాయాలి పిన్నీ."

పిల్ల తలెత్తి చూస్తోంది. ఆ చూపు తన మీద అంత ఆశగా నిలబడి ఎన్నాళ్ళయిందో. రెండు వారాలుగా ఈ కళ్ళు ఇంటికొస్తూనే, అమ్మ గదిలో ఏం చూశాయో చెప్పడానికే సరిపోతున్నాయి.

"నువ్వింకా పుట్టలేదప్పుడు" అని మొదలుపెట్టింది టైలరమ్మ. "పుట్టబోయే బిడ్డకి మొదటి గౌను కుట్టించాలని మీ నాన్న నా షాపుకొచ్చాడు. నేను ఇదిగో, ఇలాంటి గుడ్డే తీసి చూపించాను. ఇదేంటింత బాగుందని అడిగాడు. ఇది అవిసె నారండీ, దీన్నే ఉమ అంటారని చెప్పాను. ఆడపిల్ల పుడితే ఆ పేరే పెట్టేస్తానన్నాడు."

"అంటే నా పేరు నువ్వే పెట్టావా?"

"అలాగే అనుకో."

"నేను పుట్టకముందే నీకు నేను తెలుసా పిన్నీ?"

టైలరమ్మ లినెన్ మడత సరిచేసింది. "తెలుసు" అంది.

పిచ్చుక బల్ల చుట్టూ పరుగెత్తుకొచ్చి నడుం పట్టేసుకుంది. అలా పట్టుకున్న పిల్లని విడిపించి, కాదమ్మా, ఉత్తినే అన్నానని చెప్పడం ఎవరి తరమవుతుంది?

మూలనున్న అత్తగారు బొత్తాల డబ్బా మూత పెట్టి లేచింది. "కొలతలు చూసుకునే కుట్టావా అమ్మాయ్?" అంటూ లోపలికెళ్ళిపోయింది.

ఆ మాటకి అర్థమేంటో అప్పుడు టైలరమ్మకి తట్టలేదు.

శుక్రవారం బడి హాలు తల్లులతో తండ్రులతో నిండిపోయింది. టైలరమ్మ పెందలాడే వెళ్ళి ముందు వరసలో కూర్చుంది. లినెన్‌తో కుట్టిన కొత్త గౌను వేసుకుని, రెండు జడలతో పిచ్చుక వేదిక పక్కన నిలబడి ఉంది. ఇంటాయన ఇంకా రాలేదు. ఆయన కోసం ఉంచిన కుర్చీలో, "ఎవరైనా ఉన్నారా అండీ ఇక్కడ?" అంటూ వచ్చి కూర్చున్నది ఆవిడ.

ల్యాబు కోటు మడిచి ఒళ్ళో పెట్టుకుంది. కడిగి కడిగి పొడిబారిన చేతులు. ఇంత దగ్గర్నుంచి టైలరమ్మ ఎప్పుడూ చూడలేదు. అందంగా ఉంటే ఏడవాలని, లేకపోతే సంతోషించాలని ముందే అనుకుని పెట్టుకుంది. తీరా చూస్తే మనిషి అలిసిపోయి ఉంది, అంతే.

"జడలు భలే సమంగా వేస్తారు మీరు" అంది ఆవిడ, వేదిక వైపే చూస్తూ. "నాకు రెండు వేస్తే ఒకటి లావు, ఒకటి సన్నం వస్తాయి. అందుకే ఒక్కటే వేసి పంపించేస్తాను."

టైలరమ్మకి ఇన్నాళ్ళూ కడుపులో మండిన మంట మీద ఎవరో చెంబుడు నీళ్ళు పోసినట్టయింది. లేచి వెళ్ళి పిల్ల చేతిలో కాగితం తీసేసుకుంటే? తలనొప్పని ఇంటికి తీసుకెళ్ళిపోతే?

"తర్వాత, ఉమ" అని పిలిచింది క్లాసు టీచరు.

పిచ్చుక ముందుకొచ్చింది. గొంతు సవరించుకుని గట్టిగా చదివింది. "నా పేరు ఉమ. ఉమ అంటే అవిసె మొక్క. దాని నారతో లినెన్ గుడ్డ నేస్తారు. నేను పుట్టకముందు మా నాన్న నాకు గౌను కుట్టించడానికి మా పిన్ని షాపుకి వెళ్ళాడు. అప్పుడు మా పిన్ని ఈ పేరు చెప్పింది. మా నాన్నకి చాలా నచ్చింది. నేను పుట్టకముందే మా పిన్నికి నేను తెలుసు. అందుకే నా పేరంటే నాకు ఇష్టం."

హాలంతా చప్పట్లు. "ఎంత ముద్దుగా రాసింది" అన్నారెవరో వెనకాల.

పక్క కుర్చీలో చేతులు చప్పట్లు కొట్టలేదు. ఒళ్ళో ఉన్న కోటుని పిండేస్తున్నాయి.

ఆవిడ లేచి వసారాలోకి వెళ్ళింది. వెనకాలే టైలరమ్మ కూడా వెళ్ళింది. వెళ్ళకుండా ఉండలేకపోయింది.

"ఎప్పట్నుంచి?" అంది ఆవిడ, గోడ వైపు చూస్తూ.

"ఏంటండీ?"

"మీ ఇద్దరికీ పరిచయం. మేం విడిపోయిన రెండేళ్ళకి మీరిద్దరూ కలిశారని నాకు చెప్పారు. అందరికీ అదే చెప్పారు."

టైలరమ్మకి అత్తగారు అడిగిన కొలతలు ఏళ్ళ కొలతలని అప్పుడు తెలిసింది.

"కాదండీ, మీరు పొరపాటు..."

"నేను మంచం మీద పడుకుని, ఈ బిడ్డని వద్దమ్మా, రావొద్దమ్మా అని బతిమాలుకుంటున్నాను. ఆయన రోజూ పొద్దుపోయాకే వచ్చేవాడు. పనెక్కువుందనేవాడు. ఏ సాయంత్రం ఇల్లు పట్టిందో చెప్పమనండి. నేను నమ్మాను. మంచం దిగలేనిదాన్ని, నమ్మక ఏం చేస్తాను?" ఆవిడ గొంతు పెరగలేదు. "గౌను కుట్టించడానికా వెళ్ళింది? చివరికి పేరు కూడా నీ నోట్లోంచి వచ్చిందా? నేను పెట్టుకున్నాననుకున్న పేరు? ఆ పేరు నేను చదివిన పుస్తకం తెచ్చిచ్చింది కూడా ఆయనే."

'మీరు' ఎప్పుడు 'నువ్వు' అయిందో ఇద్దరూ గమనించలేదు.

"అమ్మా! విన్నావా? నేను ఒక్క తప్పు కూడా చదవలేదు!" పిచ్చుక పరుగెత్తుకొచ్చి టైలరమ్మ చెయ్యి పట్టుకుని ఊగుతూ నిలబడింది.

"విన్నానమ్మా." ఆవిడ పిల్ల మొహం చూసి, టైలరమ్మ మొహం చూసింది. "పిల్ల ముందే చెప్పు. అది చదివింది నిజమా, అబద్ధమా? అబద్ధమైతే అబద్ధమను. నేను నోరు మూసుకుని నా గదికెళ్ళిపోతాను. నిజమైతే మాత్రం నా బిడ్డని మీ ఇంట్లో ఒక్క రోజు కూడా ఉంచను. ఎవరి దగ్గర చెప్పుకోవాలో అక్కడే చెప్పుకుంటాను."

పిచ్చుక ఊగడం ఆపింది. "అబద్ధమెందుకవుతుంది? పిన్నే చెప్పింది. కదా పిన్నీ?"

ఒక్క మాట అంటే చాలు. అబద్ధం అంటే చాలు. ఆయన పరువు నిలుస్తుంది, తన పరువు నిలుస్తుంది, ఈవిడ మనసు కుదుటపడుతుంది. ఆ తర్వాత పిల్ల అడుగుతుంది, మరి నిజమేంటని. అప్పుడీవిడ మోకాళ్ళ మీద కూర్చుని చెబుతుంది, నలభై రోజుల కథ. ఆ కథ విన్న పిల్ల ఈ చెయ్యి వదిలేసి ఆ మెడ పట్టుకుంటుంది. దానికి ఎదురుగా చెప్పుకోవడానికి తన దగ్గరేముంది?

చెమట పట్టిన చిన్న వేళ్ళు ఆమె వేళ్ళని ఇంకాస్త గట్టిగా పట్టుకున్నాయి.

"నిజమే" అంది టైలరమ్మ.

ఆవిడ కళ్ళు మూసుకుంది.

అన్న మాట చెవిన పడ్డాక గానీ రెండో సంగతి టైలరమ్మకి తట్టలేదు. ఆ రోజుల్లో ఆయన ఎవరో తనకి తెలియదు. ఆ సాయంత్రాలు ఒక్కటి కూడా తన షాపులో గడవలేదు. మరెక్కడ గడిచాయి? ఎవరి దగ్గర? ఒళ్ళంతా ఒక్కసారి మళ్ళీ మండుకొచ్చింది. ఈసారి ఆ మంట ఎదురుగా ఉన్నావిడ మీద కాదు. అడుగుదామన్నా ఎలా అడుగుతుంది? ఆ సాయంత్రాలన్నీ నావేనని ఇప్పుడే, పిల్ల సాక్షిగా, తన నోటితోనే ఒప్పుకుంది.

మెట్ల మీద బూట్ల చప్పుడైంది. పనిముట్ల సంచీ భుజాన వేసుకుని, రొప్పుతూ, నవ్వుతూ ఆయన వసారాలోకొచ్చాడు.

"లేటయిపోయిందా? ఏంటి, ముగ్గురూ ఇక్కడున్నారు?" అన్నాడు. "ఏదో నిజమంటున్నారు. ఏంటి నిజం?"